సీటు ఎందుకు దొరకదు, ఎలా దొరుకుతుంది

తిరుపతి ప్రయాణం అనుకోగానే మన ఇళ్లలో మొదట చూసేది రైలు టికెట్. రైలు ఖాయమైతే మిగతాదంతా ఆ వెంకన్నే చూసుకుంటాడన్న ధీమా. కొన్నేళ్ల కిందటి వరకూ ఈ పద్ధతి బాగానే నడిచింది. ఇప్పుడు అలా మొదలుపెట్టినవారిలో చాలామందికి రైల్లో బెర్తు ఉంటుంది, దర్శనం టికెట్ ఉండదు. దర్శనం దొరికినవారికి ఆ తేదీకి రైలుండదు. రెండూ కుదిరితే కొండమీద గది దొరకదు. చివరికి ఏజెంటు చేతిలో రెట్టింపు డబ్బు పోసి, ‘ఈ ఆన్‌లైన్ వచ్చాక సామాన్యుడికి ఏదీ అందట్లేదు’ అని నిట్టూరుస్తారు.

అందట్లేదన్న మాటలో కొంత నిజముంది. అడిగేవారు ఎక్కువ, ఉన్న సీట్లు తక్కువ. ఏ యాప్ వచ్చినా ఆ లెక్క మారదు. అయితే ఉన్న సీట్లు ఎవరికి వెళ్తాయో తేల్చేది అదృష్టం ఒక్కటే కాదు. ప్రతి బుకింగుకూ ఒక గడియారం, ఒక కోటా, ఒక రద్దు నియమం ఉంటాయి. ఈ మూడూ తెలిసినవారు ముందుంటారు, తెలియనివారు వెయిటింగ్ లిస్టులో ఉంటారు. ఆ మూడింటినీ ఒక కుటుంబం చేసే తిరుమల యాత్ర మీదుగా వరసగా చూద్దాం.

ముందు దర్శనం, ఆ తర్వాతే రైలు

2024 అక్టోబరు వరకూ రైలు టికెట్లను 120 రోజుల ముందు కొనుక్కునే వీలుండేది. 2024 నవంబరు 1 నుంచి రైల్వే దాన్ని 60 రోజులకు తగ్గించింది. ప్రయాణం రోజును ఈ లెక్కలో కలపరు. అటు తిరుమల తిరుపతి దేవస్థానం ఒక నెల దర్శనాల కోటాను దాదాపు మూడు నెలల ముందే విడుదల చేస్తుంది. జనవరి నెల టికెట్లు అక్టోబరు మూడు, నాలుగు వారాల్లో వస్తాయి.

జనవరి 24న దర్శనం కావాలనుకుందాం. అందుకు 23 సాయంత్రం హైదరాబాద్‌లో రైలెక్కాలి. పాత పద్ధతిలో ఆ రైలు బుకింగ్ సెప్టెంబరు 25నే తెరుచుకునేది. అంటే దర్శనం కోటా కంటే నెల ముందు. ఇప్పుడు అదే రైలు నవంబరు 24న తెరుచుకుంటుంది. అంటే దర్శనం కోటా వచ్చిన నెలకు. వరస తలకిందులైంది. ఇంట్లో అలవాటు మాత్రం పాతదే మిగిలిపోయింది.

గడియారాన్ని పక్కనపెట్టినా దర్శనమే ముందు ఉండాలి. ఆన్‌లైన్‌లో కొన్న ₹300 ప్రత్యేక ప్రవేశ దర్శనం టికెట్‌ను రద్దు చేసి డబ్బు వెనక్కి తీసుకోలేం, తేదీ ముందుకో వెనక్కో జరపలేం. రైలు టికెట్‌ను కొంత పోగొట్టుకుని అయినా రద్దు చేసుకోవచ్చు. ఏ యాత్రకైనా ఇదే సూత్రం: మార్చుకునే వీల్లేనిదాన్ని ముందు ఖాయం చేసుకుని, వీలున్నవాటిని దాని చుట్టూ అమర్చుకోవాలి. పెళ్లి ముహూర్తమైనా, క్రికెట్ మ్యాచ్ అయినా, వీసా ఇంటర్వ్యూ అయినా అంతే.

దేవస్థానం అన్నింటినీ ఒకే రోజు విడుదల చేయదు. ఆర్జిత సేవలకు లక్కీడిప్ నమోదు ఒక రోజు, కల్యాణోత్సవం లాంటి సేవలు ఇంకో రోజు, ₹300 టికెట్లు వేరే రోజు. సాధారణంగా ₹300 టికెట్లు ఉదయం 10 గంటలకు వస్తే, గదుల కోటా అదే రోజు మధ్యాహ్నం 3 గంటలకు వస్తుంది. పొద్దున దర్శనం దొరికిన సంబరంలో మధ్యాహ్నం సంగతి మరిచిపోయేవారే ఎక్కువ. డిప్‌లో వేగానికి పనిలేదు. గడువులోపు ఎప్పుడు నమోదు చేసుకున్నా అవకాశం ఒక్కటే, కాబట్టి తొలి నిమిషంలో తోసుకోవక్కర్లేదు. ₹300 టికెట్లకు మాత్రం సమయానికి లాగిన్ అయి ఉండాలి. వెబ్‌సైట్ మిమ్మల్ని వరసలో నిలబెట్టి ‘ఇంకా ఇన్ని నిమిషాలు’ అని చూపిస్తున్నప్పుడు పేజీని రీఫ్రెష్ చేయకండి. అలా చేస్తే ఉన్న చోటు పోయే ప్రమాదముంది.

దర్శనం స్లాటు ఎంచుకునేటప్పుడు రైలు ఆలస్యాన్ని కూడా లెక్కలో వేసుకోండి. తెల్లవారేసరికి తిరుపతిలో దిగాల్సిన రైలు రెండు గంటలు ఆలస్యమైనా, స్నానాలు, టిఫిన్లు, అలిపిరి తనిఖీ, ఘాట్ రోడ్డు అన్నీ దాటుకుని సమయానికి క్యూ దగ్గర ఉండాలి. దిగిన రోజే పొద్దున్నే స్లాటు పెట్టుకుంటే దారి పొడవునా గుండె దడే. మధ్యాహ్నం తర్వాతి స్లాటు దొరికితే అదే సుఖం.

ఆరుగురికి ఎన్ని టికెట్లు?

మన ఉదాహరణ కుటుంబంలో తాతయ్య, నాయనమ్మ, వాళ్ల కొడుకు, కోడలు, ఎనిమిదేళ్ల మనవరాలు, నాలుగేళ్ల మనవడు ఉన్నారు. రైల్వే ఒక పీఎన్‌ఆర్ మీద ఆరుగురి దాకా అనుమతిస్తుంది. ఇంటిల్లిపాదినీ ఒకే టికెట్ మీద ఎక్కిద్దామని కొడుకు అనుకుంటాడు. ఇక్కడే తాతయ్యకు పై బెర్తు వచ్చే ప్రమాదం పొంచి ఉంది.

60 ఏళ్లు దాటిన పురుషులకు, 45 ఏళ్లు పైబడిన మహిళలకు కింది బెర్తుల కోటా ఒకటి ప్రత్యేకంగా ఉంది. ఆ వయసువారు ఒంటరిగా గానీ, ఇద్దరుగా గానీ ఒక టికెట్ మీద ప్రయాణిస్తేనే అది వర్తిస్తుంది. వాళ్లతోపాటు కొడుకు, కోడలు, పిల్లల పేర్లు అదే టికెట్లో చేరితే ఆ కోటా చేజారుతుంది. కాబట్టి పెద్దవాళ్లిద్దరికీ ఒక టికెట్, కోటా దగ్గర ‘సీనియర్ సిటిజన్, లోయర్ బెర్త్’ అని ఎంచుకుని. మిగతావారికి ఇంకో టికెట్. రెండూ ఒకే బోగీలో పడకపోవచ్చు. అది భరించగలరో లేదో ఇంట్లోవాళ్లు ముందే అనుకోవాలి.

నాలుగేళ్ల మనవడికి రైల్లో టికెట్ అక్కర్లేదు. 5 ఏళ్లు నిండి 12 లోపు పిల్లలకు బెర్తు అక్కర్లేదంటే సగం చార్జీ, బెర్తు కావాలంటే పూర్తి చార్జీ. 2016 నుంచీ ఇదే పద్ధతి. సగం చార్జీ కట్టి, రాత్రి టీటీఈని బెర్తు అడిగితే లాభం లేదు. ఇటు తిరుమలలో 12 ఏళ్ల లోపు పిల్లలను ₹300 దర్శనానికి టికెట్ లేకుండానే పెద్దవాళ్లతో పంపిస్తారు. వయసు చూపే కార్డు వెంట ఉంటే చాలు.

టికెట్లు విడదీయడం వల్ల ఇంకో లాభముంది. ఆఖరి నిమిషంలో నాయనమ్మకు మోకాళ్ల నొప్పి తిరగబెట్టి పెద్దవాళ్లు ఆగిపోతే, వాళ్ల టికెట్ ఒక్కటే రద్దు చేసుకోవచ్చు. ఖాయమైన టికెట్‌ను తల్లిదండ్రులు, అన్నదమ్ములు, అక్కచెల్లెళ్లు, భార్యాభర్తలు, పిల్లలు వంటి దగ్గరి కుటుంబ సభ్యుల పేరుకు మార్పించుకునే వీలూ ఉంది. అందుకు రైలు బయలుదేరడానికి 24 గంటల ముందే స్టేషన్ రిజర్వేషన్ కౌంటర్లో, బంధుత్వం చూపే ఆధారంతో అర్జీ ఇవ్వాలి.

ఎనిమిది గంటలకు లోపల ఏం జరుగుతుంది

నవంబరు 24 ఉదయం 8 గంటలు. తెర మీద ‘అందుబాటులో 112’ అని కనబడుతుంది. పేర్లు నింపి, క్యాప్చా కొట్టి, యూపీఐ పిన్ నొక్కేసరికి మూడు నిమిషాలు. వచ్చిన టికెట్ మీద చూస్తే వెయిటింగ్ లిస్ట్ 14. ఎక్కడో మోసం జరిగిందని చాలామంది అనుకునేది ఇక్కడే. జరిగింది మోసం కాదు.

సీట్లమ్మే వ్యవస్థలు రెండు రకాలుగా నడుస్తాయి. సినిమా, బస్సు టికెట్లలో మనం సీటు మీద వేలు పెట్టగానే దాన్ని కొన్ని నిమిషాలపాటు మన పేర పక్కన పెడతారు. ఆలోగా డబ్బు కడితే మనది, లేకపోతే మళ్లీ అందరికీ కనబడుతుంది. రైల్వేలో అలా పక్కన పెట్టడం ఉండదు. చెల్లింపు పూర్తై తిరిగి వచ్చాకే బెర్తు కేటాయిస్తారు. తెర మీద చూసిన 112 మనం చూసిన క్షణంలో ఉన్న లెక్క మాత్రమే. ఆ మూడు నిమిషాల్లో దేశమంతటి ఫోన్లూ, కౌంటర్లూ అదే రైలు తలుపు తడుతుంటాయి.

దీన్నిబట్టి చేయాల్సింది తేలిపోతుంది. చెల్లింపులో పట్టే సమయమే కీలకం. ప్రయాణికుల పేర్లు, వయసులు ముందురోజే ఖాతాలోని ‘మాస్టర్ లిస్ట్’లో దాచిపెట్టుకుంటే నింపే పని ఉండదు. ఐఆర్‌సీటీసీ ఈ-వాలెట్‌లో ముందే డబ్బు వేసి ఉంచుకుంటే బ్యాంకు దాకా వెళ్లొచ్చే దూరం తప్పుతుంది. ‘బెర్తు ఖాయమైతేనే బుక్ చేయి’ అన్న గడిలో టిక్ పెడితే, ఖాయం కానప్పుడు టికెట్ రాదు, డబ్బు వెనక్కి వస్తుంది. ‘కనీసం ఒక కింది బెర్తు ఉంటేనే’ అన్న గడి కూడా అక్కడే ఉంటుంది. ఈ గడులను చూడకుండా దాటిపోవడం మన తొందర చేసే నష్టం.

ఇంకో షరతు. 2025 అక్టోబరు 1 నుంచి బుకింగ్ తెరుచుకున్న తొలి 15 నిమిషాలు ఆధార్‌తో ధ్రువీకరించుకున్న ఖాతాలకే ఆన్‌లైన్‌లో అనుమతించారు. ఆ తర్వాత ఆ వ్యవధిని ఇంకా పెంచారు. ఆధార్ జతచేయని ఖాతాతో 8 గంటలకు కూర్చోవడం దండగ. జతచేసిన ఖాతాతో నెలకు 24 టికెట్లు, లేకపోతే 12 మాత్రమే.

ఈ వ్యవస్థలో మన సికింద్రాబాద్‌కూ వాటా ఉంది. రైల్వే రిజర్వేషన్లకు కంప్యూటర్లు 1980ల మధ్యలో ఢిల్లీలో మొదలయ్యాయి. ఢిల్లీ, ముంబయి, కోల్‌కతా, చెన్నై, సికింద్రాబాద్ కేంద్రాలు చాలాకాలం విడివిడిగా పనిచేశాయి. వాటిని కలిపి, ఏ ఊరి నుంచి ఏ ఊరికైనా ఎక్కడినుంచైనా టికెట్ ఇచ్చే ‘కాన్సర్ట్’ అనే సాఫ్ట్‌వేర్‌ను రైల్వే సంస్థ ‘క్రిస్’ తయారుచేసి, 1994లో మొదట సికింద్రాబాద్‌లోనే అమల్లో పెట్టింది. 1999 నాటికి ఐదు కేంద్రాలూ కలిశాయి. 2002 ఆగస్టులో ఐఆర్‌సీటీసీ ఆన్‌లైన్ అమ్మకం మొదలుపెట్టింది. ఇవాళ మన ఫోన్ తడుతున్న తలుపు వెనక ఉన్నది ఆ పాత పునాదే.

డబ్బు పోయింది, టికెట్ రాలేదు

ఖాతాలో డబ్బు తగ్గింది, పీఎన్‌ఆర్ రాలేదు. కంగారులో వెంటనే మళ్లీ కడితే, ఒక్కోసారి రెండు టికెట్లు వస్తాయి. ముందు ఖాతాలో ‘బుక్ అయిన టికెట్లు’, ‘విఫలమైన లావాదేవీలు’ రెండు చోట్లా చూడండి. మొదటిదాంట్లో పీఎన్‌ఆర్ ఉంటే టికెట్ వచ్చినట్టే, సందేశం ఆలస్యమైందంతే. రెండోదాంట్లో ఉంటే డబ్బు తనంతట తానే వచ్చిన ఖాతాకే తిరిగి వెళ్తుంది.

రిజర్వు బ్యాంకు 2019లో ఇలాంటి విఫల లావాదేవీలకు గడువులు పెట్టింది. యూపీఐతో వ్యాపారికి చెల్లించినప్పుడు గానీ, ఆన్‌లైన్‌లో కార్డు వాడినప్పుడు గానీ డబ్బు పోయి చెల్లింపు నిర్ధారణ కాకపోతే, లావాదేవీ జరిగిన రోజు తర్వాత 5 రోజుల్లో బ్యాంకు దాన్ని వెనక్కి వేయాలి. ఆ గడువు దాటితే రోజుకు ₹100 చొప్పున పరిహారం ఇవ్వాలి. ఈ సంగతి తెలిసిన ఖాతాదారుడు బ్యాంకులో మాట్లాడే తీరే వేరుగా ఉంటుంది. లావాదేవీ నంబరును, తెర ఫొటోను దాచుకోండి.

వెయిటింగ్ లిస్టును చదవడం

టికెట్ మీద ‘జీఎన్‌డబ్ల్యూఎల్ 46, డబ్ల్యూఎల్ 19’ అని రెండు అంకెలు కనబడతాయి. మొదటిది మీరు కొన్నప్పుడు వరసలో మీ చోటు. రెండోది ఇప్పటి చోటు. మీ ముందున్నవాళ్లు రద్దు చేసుకున్నకొద్దీ రెండోది తగ్గుతుంది. రోజుకు ఎంత తగ్గుతోందో నాలుగు రోజులు గమనిస్తే, ఖాయమయ్యే ఆశ ఎంతో మీకే అర్థమవుతుంది.

అంకె కంటే ముందున్న అక్షరాలు ముఖ్యం. జీఎన్ అంటే సాధారణ వరస. రైలు బయలుదేరే స్టేషన్, దాని దగ్గరి స్టేషన్ల నుంచి వెళ్లేవారిది. అన్నింటికన్నా పెద్ద కోటా ఇదే కాబట్టి వేగంగా కదులుతుంది. ఆర్‌ఎల్ మధ్యలో ఉన్న పెద్ద స్టేషన్లకు ఇచ్చే చిన్న కోటా వరస. పీక్యూ అంటే చిన్నాచితకా స్టేషన్లన్నీ కలిసి పంచుకునే కోటా వరస. చిన్న కోటాలో రద్దులూ తక్కువే. అందుకే పీక్యూ 6 కంటే జీఎన్ 30 నయమనిపించే సందర్భాలుంటాయి.

లింగంపల్లిలో సాయంత్రం బయలుదేరి, రాత్రివేళ గుంటూరు మీదుగా తిరుపతి వెళ్లే నారాయణాద్రిని తీసుకోండి. ఒకే బెర్తును లింగంపల్లి నుంచి గుంటూరు దాకా ఒకరికి, అక్కణ్నుంచి తిరుపతి దాకా ఇంకొకరికి ఇవ్వచ్చు. అలా ముక్కలు చేసి అమ్మితే మొత్తం దూరం వెళ్లేవారికి బెర్తు మిగలదు. అందుకే దూరప్రయాణికులకు పెద్ద వాటా, మధ్యలో ఎక్కేవారికి చిన్న వాటాలు. మధ్య స్టేషన్లో ఎక్కేవారికి ఒక చట్టబద్ధమైన దారుంది. కోటా పెద్దగా ఉన్న వెనకటి స్టేషన్ నుంచి టికెట్ తీసుకుని, ఎక్కే స్టేషన్‌గా తమ ఊరు పెట్టుకోవచ్చు. చార్జీ మాత్రం మొత్తం దూరానికి కట్టాలి. బోర్డింగ్ స్టేషన్ మార్చాక ముందటి స్టేషన్లో ఎక్కే హక్కు ఉండదు. ఏమీ మార్చకుండా తర్వాతి స్టేషన్లో ఎక్కుదాంలే అనుకుంటే, టీటీఈ మీరు రాలేదని రాసుకుని బెర్తును ఆర్‌ఏసీలో ఉన్నవారికి ఇచ్చేస్తారు.

ఆర్‌ఏసీ అంటే రైలెక్కే హక్కు ఉన్నట్టే. పక్కనుండే కింది బెర్తును ఇద్దరికి కూర్చోవడానికిస్తారు. రానివారి బెర్తులు ఖాళీ అయినకొద్దీ వీళ్లకు పడుకునే చోటు దొరుకుతుంది. వెయిటింగ్ ఈ-టికెట్ సంగతి వేరు. చార్టు తయారయ్యాక కూడా టికెట్లోని అందరూ వెయిటింగ్‌లోనే ఉంటే అది దానంతటదే రద్దై డబ్బు ఖాతాకు వస్తుంది. ఆ కాగితం పట్టుకుని రిజర్వేషన్ బోగీ ఎక్కితే టికెట్ లేనట్టే లెక్క. కౌంటర్లో కొన్న వెయిటింగ్ టికెట్‌కు డబ్బు దానంతటది రాదు, రిఫండ్‌ను మనమే అడిగి తీసుకోవాలి.

తత్కాల్, చార్టు, రద్దు

తత్కాల్ బుకింగ్ ప్రయాణానికి ముందురోజు ఏసీ తరగతులకు ఉదయం 10కి, మిగతావాటికి 11కి తెరుచుకుంటుంది. ఇందులో చాలామంది జారిపడే మెట్టు ఒకటుంది. ముందురోజు అన్నది రైలు మొదట బయలుదేరే స్టేషన్ తేదీని బట్టి లెక్క. ఢిల్లీలో 10వ తేదీన బయలుదేరి విజయవాడకు 11న వచ్చే రైలును విజయవాడలో ఎక్కాలంటే తత్కాల్ 9వ తేదీనే తెరుచుకుంటుంది. 10న చూస్తే ఏమీ మిగలదు.

2025 జులై నుంచి ఆన్‌లైన్ తత్కాల్ ఆధార్ ఖాతాలకే, ఓటీపీతోనే ఇస్తున్నారు. మొదటి అరగంట ఏజెంట్లకు అనుమతి లేదు. ఒక టికెట్ మీద నలుగురే. స్లీపర్‌కు ₹100 నుంచి ₹200, థర్డ్ ఏసీకి ₹300 నుంచి ₹400 అదనం. ఖాయమైన తత్కాల్ టికెట్‌ను రద్దు చేస్తే పైసా రాదు. తత్కాల్ వెయిటింగ్ ఆర్‌ఏసీ మీదుగా కదలదు కాబట్టి ఖాయమయ్యే ఆశ తక్కువ. ఇంట్లో ఎవరికో బాగాలేదని పరుగెత్తాల్సిన రోజున ఇది మంచి సాధనం. మూడు నెలల ముందే తెలిసిన యాత్రకు తత్కాల్‌ను నమ్ముకోవడం తెలివైన పని కాదు.

చార్టు పూర్వం రైలు బయలుదేరే 4 గంటల ముందు తయారయ్యేది. 2025లో దాన్ని 8 గంటలకు, ఆ తర్వాత ఇంకా ముందుకు జరిపారు. సాయంత్రం రైలుకు పొద్దున్నే సంగతి తేలిపోతుంది. బస్సు చూసుకోవడానికి పగలంతా ఉంటుంది. మొదటి చార్టు తర్వాత మిగిలిన బెర్తులను ‘కరెంట్ బుకింగ్’లో అమ్ముతారు. పండగ కాని రోజుల్లో ఇక్కడ అదృష్టం కలిసొస్తుంది.

రద్దు చేసుకుంటే ఎంత వస్తుందన్నది ఎప్పుడు చేశారన్నదాన్ని బట్టి ఉంటుంది. చాలా ముందైతే తరగతినిబట్టి ఒక నిర్ణీత మొత్తం పోతుంది. ప్రయాణం దగ్గరపడితే చార్జీలో పావు వంతు, ఇంకా దగ్గరైతే సగం, ఆ తర్వాత అంతా పోతుంది. ఈ గంటల హద్దులు మారుతుంటాయి, కొన్ని కొత్త రైళ్లకు వేరుగానూ ఉన్నాయి. కాబట్టి కొన్న రోజునే టికెట్ నియమాల్లో చూసి రాసుకోండి. వెళ్లేదీ లేనిదీ తేల్చుకోకుండా ఆఖరి రాత్రి దాకా లాగేవారు కట్టే మూల్యం ఇదే. ఐఆర్‌సీటీసీ తీసుకునే కన్వీనియన్స్ ఫీజు ఏ సందర్భంలోనూ వెనక్కి రాదు.

తప్పు రైల్వేది అయితే లెక్క మారుతుంది. రైలు రద్దైతే ఈ-టికెట్ చార్జీ మొత్తం దానంతటదే వస్తుంది. రైలు 3 గంటలకు పైగా ఆలస్యమై మీరు ఎక్కకూడదనుకుంటే, అది మీ స్టేషన్ నుంచి బయలుదేరేలోపు ఆన్‌లైన్‌లో టీడీఆర్ (రిఫండ్ అర్జీ) దాఖలు చేస్తే పూర్తి చార్జీ తిరిగిస్తారు. రైలు వెళ్లిపోయాక చేసుకున్న అర్జీకి ఆ బలం ఉండదు.

బస్సు, విమానం, కచేరీ

రైలు దొరకనివారికి ఏపీఎస్‌ఆర్‌టీసీ, టీజీఎస్‌ఆర్‌టీసీ ఆన్‌లైన్ రిజర్వేషన్లు పెద్ద అండ. సంక్రాంతి, దసరాలకు అదనపు బస్సులు, ప్రత్యేక రైళ్లు తర్వాత ప్రకటిస్తారు. మొదటిరోజు దొరకలేదని అక్కడితో వదిలేయకండి. ప్రైవేటు బస్సుల్లో చార్జీ గిరాకీని బట్టి మారుతుంది, రద్దు నియమం ఆపరేటరును బట్టి మారుతుంది. ఏ యాప్‌లో కొన్నా, ఆ బస్సు కింద రాసిన నియమమే చెల్లుతుంది.

విమానం టికెట్ మీద పేరు గుర్తింపు కార్డులో ఉన్నట్టే ఉండాలి. ఇంటిపేరు ముందు రాసే మన అలవాటు ఇక్కడ తిప్పలు తెస్తుంది. పాస్‌పోర్టులో ఏ గడిలో ఏ పేరుందో చూసి అలాగే నింపండి. ‘నాన్ రిఫండబుల్’ టికెట్ రద్దు చేసుకున్నా, ప్రభుత్వ పన్నులు, విమానాశ్రయ రుసుములు తిరిగివ్వాల్సిందేనని డీజీసీఏ నియమం. అడగనివారికి ఈ డబ్బు గుర్తే ఉండదు.

కచేరీలు, మ్యాచ్‌ల టికెట్లలో అసలు ధర చిన్నగా, చివరి పేజీలో మొత్తం పెద్దగా కనబడుతుంటుంది. ముందే టిక్ పెట్టి ఉంచిన విరాళం, అడగని బీమా, ‘ఇంకా రెండే మిగిలాయి’ అన్న అబద్ధపు తొందర, ఇవన్నీ వినియోగదారులను మభ్యపెట్టే ఎత్తులేనని కేంద్ర వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ 2023లో మార్గదర్శకాలు ఇచ్చింది. డబ్బు కట్టేముందు చివరి పేజీని పైనుంచి కిందికి ఒకసారి చదవండి. అక్కర్లేని టిక్కులు తీసేయండి. అన్ని టిక్కులూ చెడ్డవి కావు. రైలు టికెట్‌తో రూపాయి లోపు ప్రీమియానికే వచ్చే ప్రయాణ బీమాలో మరణానికి ₹10 లక్షల పరిహారముంది. అది తీసుకున్నాక సందేశంలో వచ్చే లింకులో నామినీ పేరు నింపాలి.

దొంగల చూపు కూడా ఇటే

తిరుమల గదుల పేరుతో, దర్శనం టికెట్ల పేరుతో అచ్చం అసలువాటిలాగే కనిపించే వెబ్‌సైట్లు పుట్టుకొస్తుంటాయి. వెతికినప్పుడు పైన ప్రకటనగా వచ్చే లింకు కాకుండా, దేవస్థానం అధికారిక చిరునామాను సొంతంగా టైపు చేయడం అలవాటు చేసుకోండి. టికెట్ ఫొటోను వాట్సాప్ స్టేటస్‌లో పెట్టకండి. పీఎన్‌ఆర్, పేరు, రైలు తెలిసినవాడు ‘మీ రైలు రద్దయింది, రిఫండ్ కోసం ఈ లింకు నొక్కండి’ అంటే నమ్మబుద్ధేస్తుంది. రిఫండ్‌కు ఏ పిన్నూ, ఏ ఓటీపీ అక్కర్లేదు. మోసపోయామనిపిస్తే వెంటనే 1930కి ఫోన్ చేయండి. రైలు సమాచారానికి, ఫిర్యాదులకు 139 ఉంది.

మీ ఖాతాతో బంధుమిత్రులకు టికెట్ తీసివ్వడం నేరం కాదు. దాన్నే కమీషన్ పుచ్చుకునే వ్యాపారంగా చేస్తే రైల్వే చట్టం 143వ సెక్షన్ కింద మూడేళ్ల దాకా జైలు ఉంది. సొంత ఐడీలతో ఈ-టికెట్లు అమ్మేవారికీ అది వర్తిస్తుందని సుప్రీంకోర్టు 2025 జనవరిలో తేల్చింది. అనుమతి లేని ఏజెంటు ఇచ్చిన టికెట్ బయటపడితే రద్దయ్యేది మన ప్రయాణమే.

ఒకే కాగితం

టికెట్లన్నీ వచ్చాయి కదా అనుకుంటే, ఇల్లు అలకగానే పండగ కాదు. దర్శనం ఒకరి ఫోన్లో, రైలు ఇంకొకరి మెయిల్లో, గది మరొకరి వాట్సాప్‌లో ఉంటే స్టేషన్లో నిలబడి వెతుక్కోవాల్సి వస్తుంది. ఒకే కాగితం మీద ఒక్కో బుకింగుకూ ఐదు విషయాలు రాయండి: నంబరు, తేదీ, ఎక్కాల్సిన చోటు, నామమాత్రపు కోతతో రద్దు చేసుకోగల ఆఖరి సమయం, ఏ గుర్తింపు కార్డుతో కొన్నారు. దర్శనానికి ఆధార్ ఇచ్చి ఉంటే ఆధారే వెంట ఉండాలి.

తేదీ దగ్గర ఇంకో జాగ్రత్త. రాత్రి 12:20కి బయలుదేరే రైలుకు టికెట్ మీద మర్నాటి తేదీ ఉంటుంది. శుక్రవారం రాత్రి ఇంటి నుంచి బయలుదేరాల్సిన రైలు టికెట్ మీద శనివారం అని ఉంటే, శనివారం రాత్రి సంచులతో స్టేషన్‌కు వెళ్లేవారు ఇప్పటికీ ఉన్నారు. కాగితం మీద రైలు సమయం పక్కనే ‘శుక్రవారం రాత్రి భోజనాలయ్యాక ఇంట్లో బయలుదేరాలి’ అని తెలుగులో రాసుకుంటే ఆ గొడవ ఉండదు.

ఈ వ్యవస్థ అందరికీ సీటు ఇవ్వదు, ఇవ్వలేదు కూడా. నియమాలు తెలుసుకున్నవారికి మాత్రం మిగతావారికన్నా ముందు ఇస్తుంది. ఇంగ్లిష్ తెరల ముందు తడబడే పెద్దవాళ్లు, స్మార్ట్‌ఫోన్ లేనివాళ్లు వెనకబడటం దీని అసలు లోపం. తెలుగులో సరళమైన తెరలు, స్టేషన్లలో పనిచేసే కౌంటర్లు ఉండాలని అడగడం మన హక్కు. అవి వచ్చేలోగా మన చేతిలో ఉన్న పని చేద్దాం. మీ ఖాతాకు ఆధార్ జతచేయలేదా? ప్రయాణం ఏదీ లేని ఈ వారమే చేసేయండి. పక్కింటి పెద్దాయనకు ఆ పని రాకపోతే, పక్కన కూర్చుని ఆయన ఫోన్లోనే చేయించండి. పాస్‌వర్డు మాత్రం ఆయన దగ్గరే ఉండనివ్వండి.